శలభముల అడంగలు వ్రాసిన హాంప్సన్

గత వానకాలమున ఒక గ్రామసభకు పోయియుంటిమి. పంచాయతీ కార్యాలయము ముందరి అరుగుమీద సభ జరిగినది. చీకటి పడగానే దీపము వెలిగించిరి. పావుగంట గడవకముందే దాని చుట్టు రెక్కల పురుగులు మూగినవి. సర్పంచిగారి కాగితములమీద, మా చేతిలోని కరపత్రములమీద, త్రాగుటకుంచిన నీళ్ల గ్లాసులలో సైతము అవియే. సభ్యులలో ఒకరు ఒక పురుగును వ్రేలితో ప్రక్కకు నెట్టుచు, "ఇవి ఏం పురుగులండీ?" అని అడిగిరి. మాకు తెలియదు. ఆ మాటయే చెప్పితిమి. కనుగొని వచ్చి చెప్పెదమని కూడ అంటిమి. అప్పుడు మూలను కూర్చున్న వృద్ధ రైతు ఒకరు, "పేరు తెలిస్తే మాత్రం చస్తుందాండీ అది?" అనిరి. సభ అంతయు నవ్వినది. మేమును నవ్వితిమి.

ఆ ప్రశ్న నవ్వి విడువదగినది కాదని ఇంటికి వచ్చిన తరువాత మాకు తోచినది. పురుగులకు పేర్లు నిర్ణయించుటలోనే జీవితమంతయు గడపిన పెద్దమనుష్యులు లోకమున కొందరు కలరు. వారిలో ఒకరు మన దక్షిణదేశపు కొండలలోనే ఆ పనికి అలవాటుపడి, లండను నగరపు మ్యూజియంలో దానిని సాగించి, పదునైదు సంపుటముల గ్రంథమును విడిచిపోయిరి. ఆయన పేరు సర్ జార్జి ఫ్రాన్సిస్ హాంప్సన్. ఆయన కథ చెప్పుకొన్నచో ఆ వృద్ధుని ప్రశ్నకు కొంతవరకైనను జవాబు దొరకునని తలచి ఈ పాఠమును పంచాయతీ సభ్యుల ముందుంచుచున్నాము.

శలభమన నేమి?

శలభమనగా దీపమునకు వచ్చి పడు రెక్కల పురుగు. సీతాకోకచిలుకకు ఇది దాయాది. రెండింటి రెక్కలమీదను సన్నని పొలుసులుండును. చేత పట్టినప్పుడు వ్రేళ్లకంటు పొడి ఆ పొలుసులే. సీతాకోకచిలుక పగటివేళ తిరుగును. వ్రాలినప్పుడు చాలవరకు రెక్కలు పైకెత్తి జోడించును. దాని మీసముల కొనలు గుండుసూది తలవలె ఉబ్బియుండును. శలభము ఎక్కువగా రాత్రివేళ తిరుగును. రెక్కలను పాక కప్పువలె వాల్చి గాని, చాపవలె పరచి గాని కూర్చుండును. దాని మీసములు దారమువలెనో ఈకవలెనో ఉండును. ఈ గుర్తులకు అక్కడక్కడ మినహాయింపులు లేకపోలేదు. ప్రపంచమున ఇంతవరకు పేర్లు పెట్టబడిన సీతాకోకచిలుకలు ఇంచుమించు 18 వేల జాతులు. శలభములో, ఇంచుమించు లక్షా 60 వేల జాతులు.

రైతునకు నష్టము చేయునది చాలవరకు రెక్కల పురుగు కాదు. అది సాధారణముగా పూవులలోని తేనె త్రాగును. కొన్ని జాతులలో అదియు లేదు. గ్రుడ్డునుండి వెలువడిన పురుగే పైరును తినునది. ఆ పురుగు పెరిగి, కోశములో నిద్రించి, రెక్కలు ధరించి వెలువడి, మరల గ్రుడ్లు పెట్టును. వరిలో కాండము తొలుచు పురుగు, వేరుసెనగలో ఎర్ర గొంగళి, కందిలోను సెనగలోను సెనగపచ్చ పురుగు, ప్రత్తిలో గులాబీరంగు పురుగు, పొగాకులోను మిరపలోను లద్దెపురుగు, మొక్కజొన్నలో కత్తెర పురుగు, ఇవి అన్నియు శలభముల సంతానమే. ధర్మవరపు మగ్గముమీద నేయు పట్టు కూడ ఒక శలభపు పురుగు తన చుట్టు అల్లుకొన్న గూటి దారమే. కనుక కులమంతటిని దూషింపరాదు.

తేయాకు తోటనుండి మ్యూజియమునకు

హాంప్సన్ 1860 జనవరి 14వ తేదీన జన్మించెను. చార్టర్‌హౌస్ పాఠశాలలోను, ఆక్స్‌ఫర్డు విశ్వవిద్యాలయమునకు చెందిన ఎక్సెటర్ కళాశాలలోను చదివెను. చదువు ముగిసిన పిమ్మట మన దేశమునకు వచ్చి నీలగిరులలో తేయాకు తోట సాగుచేయ మొదలిడెను. నీలగిరి జిల్లా ఆనాడు మదరాసు రాజధానిలోనిది. మన కోస్తా జిల్లాలును, రాయలసీమ జిల్లాలును అదే రాజధానిలో నుండెడివి. కొండల తోట బంగళాలో వానకాలపు రాత్రి దీపము పెట్టినచో ఏమి జరుగునో మీకు వేరుగా చెప్పనక్కరలేదు. కిటికీ తెరచినవానికి శలభములు వెదకకయే దొరకును. తోట యజమానులు పెక్కుమంది వానిని విసనకఱ్ఱతో తోలియుందురు. హాంప్సన్ వానిని పట్టి, ఎండబెట్టి, పోల్చి చూచుట నేర్చుకొనెను. ఆయన కళాశాలలో చదివినది కీటకశాస్త్రము కాదు. ఈ విద్య తోటలో అబ్బినది.

ఇంగ్లండునకు తిరిగిపోయిన తరువాత ఆయన తాను కూర్చిన నమూనాలతో లండనులోని సౌత్ కెన్సింగ్టన్ ప్రాంతమున 1881లో తెరువబడిన ప్రకృతిశాస్త్ర మ్యూజియమునకు పోయెను. అది ఆ కాలమున బ్రిటిష్ మ్యూజియములో ఒక భాగము. అక్కడ జీతము లేకుండ, స్వచ్ఛందముగా పనిచేయుటకు కూర్చుండెను. ఆ కూర్చుండుటలో 1891లో నీలగిరి జిల్లా శలభములనుగూర్చిన గ్రంథమును, 1893లో సింహళపు శలభములనుగూర్చిన గ్రంథమును వెలువడినవి. రెండును మ్యూజియమువారు ప్రకటించుచుండిన చిత్రసంపుటముల వరుసలో ఎనిమిదవ, తొమ్మిదవ భాగములు. అప్పటికే ఆయన మరియొక పెద్దపని తలకెత్తుకొనియుండెను. ఇండియా, సింహళము, బర్మా దేశముల జంతుజాలమును వర్ణించు ప్రభుత్వ గ్రంథమాలలో శలభముల భాగము ఆయన వంతునకు వచ్చినది. అది 1892 మొదలు 1896 వరకు నాలుగు సంపుటములుగా వెలువడినది. అందు అయిదువేలకు మించిన జాతుల వర్ణన కలదు.

1895 మార్చిలో మ్యూజియము జంతుశాఖాధిపతి ఆల్బర్ట్ గుంథర్ ఆయనకు సహాయకుని ఉద్యోగమిచ్చెను. అప్పటికాయనకు 35 ఏండ్లు. మరుసటి ఏట వంశపారంపర్యముగా బారోనెట్ బిరుదము సంక్రమించి సర్ జార్జి అయ్యెను. మన ప్రాంతమున జమీందారు బిడ్డకు బిరుదము వచ్చినచో కచేరీ ఉద్యోగమునకు ఆనాడే స్వస్తి చెప్పియుండును. ఈయన సూదులు, చీటీలు, భూతద్దము వదలలేదు. 1901లో సహాయ సంరక్షకుడై, 1920 వరకు ఆ శాఖలోనే పనిచేసెను.

మ్యూజియములో ఏమి చేయుదురు?

మ్యూజియమనగా వింతవస్తువులు చూపు స్థలమని మనలో పెక్కుమంది తలంతురు. ప్రజలు చూచు భాగము వాకిలి వంటిది మాత్రమే. లోపలి గదులలో వేలకొలది సొరుగులుండును. ఒక్కొక్క సొరుగులో వరుసలు తీర్చి శలభములుండును. ప్రతి శలభమునకు ఱొమ్ముగుండ సన్నని సూది గ్రుచ్చి, రెక్కలు విప్పి ఎండబెట్టుదురు. సూదికి క్రింద చిన్న చీటీ గ్రుచ్చుదురు. పట్టిన ఊరు, తేదీ, పట్టినవారి పేరు ఆ చీటీమీద ఉండును. చీటీ లేని శలభము ఎంత అందమైనదైనను శాస్త్రమునకు ఇంచుమించు వ్యర్థమే. సర్వే నంబరు లేని పట్టా ఎట్టిదో అదియు నట్టిదే. లండను మ్యూజియములో నేడు సీతాకోకచిలుకలు, శలభములు కలిపి కోటికి పైబడిన నమూనాలు కలవు. వానిని తిను చిన్న పురుగులు కూడ కలవు. మ్యూజియము పనివారికి వానితో పోరాటము ఎడతెగనిది.

ఒక జాతికి మొదట పేరు పెట్టిన శాస్త్రజ్ఞుడు ఏ నమూనాను చూచి వర్ణించెనో దానిని ప్రత్యేకముగా భద్రపరచెదరు. పేరునకు అదియే మూలము. పొలమున గట్టు తగాదా వచ్చినప్పుడు మనము సర్వే రాయిని వెదకుదుము గదా. ఇరువురు పండితులకు పురుగు పేరుమీద తగాదా వచ్చినప్పుడు వారు ఆ మూలనమూనాను వెదకుదురు. నూటయేబది ఏండ్ల నాటిదైనను దానిని తెరచి చూచియే తీర్పు చెప్పవలెను.

హాంప్సన్ చేరునప్పటికి ఈ రాళ్లన్నియు సరిగా పాతబడియుండలేదు. ఆయనకు ముందు అదే మ్యూజియమునకు ఫ్రాన్సిస్ వాకర్ అను నాతడు 1854 మొదలు 1866 వరకు 35 భాగములుగా శలభముల జాబితా వ్రాసియుండెను. వాకర్ కష్టజీవి, కాని వ్రాతలో తొందర ఎక్కువ. ఒకే జాతిని మరచి మరల వేరుపేరుతో వర్ణించుట ఆయనకు తరచుగా జరిగినది. మన వరిని చెఱచు పసుపుపచ్చ కాండము తొలుచు పురుగు సంగతియే తీసికొందము. 1863వ సంవత్సరములోనే దానికి వాకర్ మూడు పేర్లు పెట్టెను. అదే ఏట జర్మనీ పండితుడు జెల్లర్ మరి రెండు పేర్లు పెట్టెను. మరుసటి ఏట వాకరే ఇంకొకటి చేర్చెను! ఇందులో ఆయన తప్పు సగమే. ఆ శలభపు ఆడది గడ్డిరంగుగా, ఒక్కొక్క ముందురెక్కమీద ఒక్క నల్లని చుక్కతో ఉండును. మగది చిన్నదై, మట్టిరంగుగా, చుక్క సరిగా కనబడక ఉండును. రెంటిని ప్రక్కప్రక్కన నుంచినచో మొగుడుపెండ్లాలని ఎవరును అనుకొనరు.

ఒకే పొలమునకు ఆరు పట్టాలుండినచో ఏమగునో పంచాయతీ సభ్యులకు మేము చెప్పవలసిన పని లేదు. ఒక దేశమున ఒక పేరుతో చేసిన పరిశోధన మరియొక దేశమున వేరొక పేరుతో చదువుకొన్నవారికి అందదు. ఈ పురుగు విషయమున ఆ చిక్కు చాలకాలము నిలిచినది. 1960లో ఆస్ట్రేలియాకు చెందిన కామన్ అను నిపుణుడు కొంత సరిచేసెను. 1981లో లెవ్‌వానిచ్ అను నిపుణుల సమగ్ర పరిశీలన లండను మ్యూజియము పత్రికలోనే వెలువడి, నేడు వాడుకలోనున్న స్కిర్పోఫాగా ఇన్సెర్టులాస్ అను పేరు స్థిరపడినది. ఒక పురుగు పేరు తేలుటకు పట్టిన కాలము 118 ఏండ్లు.

రెక్కల ఈనెలు చదివిన పద్ధతి

హాంప్సన్ చేసిన మేలు ఏమనగా, రంగును మాత్రమే నమ్మక రెక్కలోని ఈనెల అమరికను ప్రధానముగా గ్రహించుట. శలభపు రెక్కమీది పొలుసులు తొలగించినచో ఆకు ఈనెలవలె సన్నని గొట్టములు కనబడును. ఏ ఈనె ఎక్కడ చీలినది, ఏది దేనితో కలిసినది అను లెక్క ఒక్కొక్క కుటుంబమునకు ఒక్కొక్క తీరుగా నుండును. రంగు వెలిసిపోవచ్చును, చుక్క చెఱగిపోవచ్చును, ఈనె మాఱదు. ఆయన తన సంపుటములలో ఈ గుర్తులతో రెండేసి ప్రశ్నల పట్టికలు వ్రాసెను. ఈనె ఇట్లున్నచో ఈ దారి, అట్లున్నచో ఆ దారి. ఇట్లు ప్రశ్న వెంట ప్రశ్నగా పోయినవాడు చివరకు ఒక పేరు దగ్గరకు చేరును. లండను పోనక్కరలేకయే, చేత భూతద్దమున్న ఎవ్వరైనను తమ ఊరి పురుగును పోల్చుకొను మార్గము ఇది.

1898 మొదలు ఆయన ప్రపంచమంతటి శలభములకు పట్టిక వ్రాయ బూనెను. మన భాషలో చెప్పినచో లోకమునకంతకు ఒక అడంగలు. తెలంగాణమువారి మాటలో పహాణీ. ప్రధాన సంపుటములు పదుమూడు 1913 నాటికి వచ్చినవి. అనుబంధములు రెండు, 1914లో ఒకటి, 1920లో ఒకటి. 1901లో వెలువడిన మూడవ సంపుటములో గొంగళి కుటుంబపు శలభములున్నవి. రాయలసీమ వేరుసెనగ రైతునకు శత్రువైన ఎర్ర గొంగళి ఆ కుటుంబములోనిదే. ఆయన స్వయముగా క్రొత్తగా పేరుపెట్టిన జాతులు వేలసంఖ్యలో నున్నవి. తలపెట్టిన పని మాత్రము పూర్తికాలేదు. కొన్ని కుటుంబములు ముట్టుకొనకయే మిగిలిపోయినవి. 1936 అక్టోబరు 15వ తేదీన ఆయన మరణించెను.

ఆయనను పొగడుటకే ఈ వ్యాసము వ్రాయలేదు. లోపములును చెప్పవలెను. శలభముల జననాంగముల నిర్మాణమును పరిశీలించి జాతులు వేరుచేయు పద్ధతి ఆయన కాలమునకే మొదలైనది. ఆయన దానిని ఆశ్రయింపలేదు. కన్నులకు ఒకటిగా కనబడి నిజమునకు వేరైన జాతులు అందువలన ఆయన పట్టికలో కలిసిపోయినవి. మరియొక సంగతి. మన పొలముల పురుగులకు మూలనమూనాలు లండను సొరుగులలో నుండుటచేత, మన పురుగు పేరు మనకు తెలియుటకు చాలకాలము మనవారు అక్కడికి నమూనాలు పంపి ఉత్తరము కొఱకు ఎదురుచూడవలసివచ్చెడిది. ఇది మనకు చిన్నతనము కాదనలేము. అయినను ఆయన సంపుటములు చేతనుండుటచేతనే ఇక్కడి పని ముందుకు సాగినది. మదరాసు ప్రభుత్వ కీటకశాస్త్రజ్ఞుడుగా నుండిన బెయిన్‌బ్రిగ్ ఫ్లెచర్ 1914లో దక్షిణ ఇండియా పురుగులను గూర్చి పెద్దగ్రంథము ప్రకటించెను. 1940లో టి. వి. రామకృష్ణ అయ్యరుగారు దక్షిణ ఇండియా పంటల పురుగులనుగూర్చి వ్రాసిన చేపుస్తకము వ్యవసాయశాఖవారికి తరతరముల పాఠ్యగ్రంథమైనది. 1916లో ఏర్పడిన భారత జంతుశాస్త్ర సర్వేక్షణ సంస్థ కలకత్తాలోను, వ్యవసాయ పరిశోధనాసంస్థ ఢిల్లీలోను నేడు మన సొంత సొరుగులను కాపాడుచున్నవి.

పేరులో పొరపాటు, పొలములో నష్టము

సెనగపచ్చ పురుగు కథ వినుడు. మన దేశపు సెనగపచ్చ పురుగును, అమెరికాలో మొక్కజొన్న కంకిని తిను పురుగును చాలకాలము పండితులు ఒకే జాతిగా నెంచిరి. పైకి రెండును ఒక్కటే. 1953లో, ఇంతకుముందు చెప్పిన ఆ కామన్ అను నిపుణుడే జననాంగములను పరిశీలించి ఇవి వేరని చూపెను. 1965లో కెనడాకు చెందిన హార్డ్‌విక్ ఈ కుటుంబమునంతటిని పరిశీలించి హెలికోవెర్పా అను క్రొత్త వర్గనామము పెట్టెను. ఇవి పండితుల ముచ్చటలని కొట్టివేయరాదు. ఈ రెండింటిలో మన పురుగు, మందులకు లొంగక తిరుగబడుటలో గట్టిది. అమెరికాలో ఒక మందు పనిచేసెనని ఇక్కడను అట్లే పనిచేయుననుకొన్నచో మోసపోవుట తథ్యము.

1987–88 పంటకాలమున గుంటూరు, ప్రకాశం జిల్లాల ప్రత్తి రైతులు ఈ పురుగు చేతిలో పడిన పాట్లు ఇప్పటికిని పెద్దలు చెప్పుదురు. పైరిత్రాయిడ్ మందులు ఎన్నిసార్లు కొట్టినను పురుగు చావలేదు. అప్పులు తీర్చలేక ప్రాణములు తీసికొన్నవారు కలరు. 1997–98లో వరంగల్లు ప్రాంతమున ఆ దుఃఖము మరల వచ్చినది. అప్పుడు లద్దెపురుగు కూడ తోడైనది. దుకాణమున అప్పునకు ఇచ్చిన మందు ఏ పురుగునకు తగినదో అమ్మినవానికిని తెలియదు, కొట్టినవానికిని తెలియదు. ఆ ఇంటి కష్టమునకు పురుగు పేరు తెలియకపోవుట ఒక్కటే కారణమని మేమనము. అప్పు, ధర, వాన అన్నియు కలవు. ఇదియు ఒకటి.

పేరు వేళకు తెలిసిన సందర్భము కూడ ఒకటి చెప్పెదము. 2018 మే నెలలో కర్ణాటకమున శివమొగ్గ ప్రాంతపు మొక్కజొన్నలో ఒక పురుగు కనబడినది. తలమీద తలక్రిందులైన వై అక్షరపు గీత. తోకవైపున చదరముగా నాలుగు నల్లచుక్కలు. చూడ మన లద్దెపురుగు చుట్టమువలె నుండెను. శాస్త్రజ్ఞులు దానిని పెంచి, శలభము వెలువడిన తరువాత మగదాని జననాంగములు పరిశీలించి, జన్యుపరీక్షయు చేసి, ఇది అమెరికా ఖండపు కత్తెర పురుగని తేల్చిరి. ఆఫ్రికాలో 2016లో ప్రవేశించి అనేక దేశముల మొక్కజొన్నను పీడించిన పురుగు ఇదియే. ఆ ఏడాదిలోనే ఆంధ్రప్రదేశ్, తెలంగాణ పొలములకును వచ్చినది. కాని అప్పటికి పేరు తేలియుండుటచేత, అది ఆకు సుడిలో దాగునని, తొలిదశలోనే పట్టవలెనని, గ్రుడ్ల ముద్దలు ఏరి నలిపివేయవలెనని ఇతర దేశముల అనుభవము మన అధికారుల చేతికి వెంటనే వచ్చినది. పేరు లేనిచో ఆ అనుభవమును ఏ పుస్తకమున, ఏ పుటలో వెదకుదురు?

మధ్యలో ఒక ముచ్చట. ఆస్ట్రేలియాలో క్వీన్స్‌లాండ్ రాష్ట్రపు పల్లెవారు ఒక శలభము పేర సమావేశ మందిరము కట్టుకొనిరి! అక్కడ నాగజెముడు లక్షల ఎకరములను ఆక్రమించి రైతులను ఇండ్లు విడిచి పోవునట్లు చేసెను. 1925లో అర్జెంటీనా దేశమునుండి కాక్టోబ్లాస్టిస్ అను శలభపు గ్రుడ్లు తెచ్చి పెంచి విడువగా, దాని పురుగులు కొన్ని ఏండ్లలో జెముడును తొలిచి పడగొట్టినవి. కృతజ్ఞతగా బూనార్గా అను చోట 1936లో ఆ మందిరము వెలసినది. మన దక్షిణదేశమున ఆ పని చేసినది శలభము కాదు; 1926లో సింహళమునుండి తెచ్చిన కొచ్చినీలు పురుగు. అక్కడను, ఇక్కడను ఏ పురుగు ఏ జెముడును మాత్రమే తినునో, పైరును ముట్టదో, ముందుగా సరిగా గుర్తించినందుననే అంతటి సాహసము చేయగలిగిరి.

పంచాయతీ చేయదగిన పని

ఎర్ర గొంగళి విషయమున ఒక్క రైతు ఎంత చేసినను ఫలము తక్కువ. దాని కోశములు చెట్ల క్రిందను, గట్ల మట్టిలోను నెలల తరబడి నిద్రించియుండును. తొలకరి వాన గట్టిగా కురిసిన కొన్ని దినములకు శలభములు ఒక్కుమ్మడిగా వెలువడును. ఆ రాత్రులలో ఊరంతయు కలిసి పొలములవద్ద దీపపు ఎరలు గాని, మంటలు గాని పెట్టినచో గ్రుడ్లు పెట్టకమునుపే చాలవరకు పట్టుబడును. ఒక్క రైతు పెట్టి తక్కినవారు మానినచో అందరి పురుగులును అతని పొలమునకే వచ్చును! పురుగులు ఒక పొలమునుండి మరియొకదానికి గుంపులుగా నడచి పోవును గనుక, పొలము చుట్టు సన్నని కాలువ త్రవ్వుటయు మంచిది. ఏ రాత్రి మొదలు పెట్టవలెనో నిర్ణయించి చాటింపు వేయించుట పంచాయతీ పని.

తెలియని పురుగు కనబడినప్పుడు దానిని నలిపి కాగితములో చుట్టి పంపరాదు. రెక్కల పురుగునైనచో పొడి డబ్బాలో, రెక్కలు చెదరకుండ ఉంచవలెను. ప్రాకు పురుగునైనచో అది తినుచున్న ఆకుతో సహా, గాలిరంధ్రములున్న డబ్బాలో పెట్టవలెను. ఊరు, తేదీ, పైరు, మొక్కలో ఏ భాగమున కనబడినదో వ్రాసిన చీటీ తప్పక ఉండవలెను. హాంప్సన్ సొరుగులలోని చీటీకిని దీనికిని భేదము లేదు. డబ్బాను మండల వ్యవసాయాధికారికి గాని, సమీప కృషి విజ్ఞాన కేంద్రమునకు గాని అందజేయవచ్చును.

ఆ గ్రామసభలోని పురుగుల సంగతి చెప్పి ముగించెదము. సభ ముగియగానే మేము నీళ్ల గ్లాసు ప్రక్కన పడియున్నవానిని పది పదునైదింటిని మాత్రల డబ్బాలోనికి ఎత్తి, చీటీ వ్రాసి, మరునాడు శాస్త్రజ్ఞులకు చూపితిమి. అందు ఏడు గడ్డిరంగువి, రెక్కకు ఒక్కొక్క నల్లచుక్క కలవి. వరి కాండము తొలుచు పురుగు ఆడవని ఆయన చూడగానే చెప్పిరి. ఊరిలో వరినారు ఏ దశలో నున్నదని అడిగిరి. నాట్లకు సిద్ధముగా నున్నదని చెప్పితిమి. ఆ శలభము గ్రుడ్లను ఆకు కొనల దాపున ముద్దగా పెట్టి పైన నూగు కప్పును గనుక, నాటుటకు ముందు నారు కొనలు త్రుంచి దూరముగా పాతిపెట్టవలెననియు, నాటిన పిమ్మట చదరపు మీటరునకు ఒక శలభము గాని ఒక గ్రుడ్ల ముద్ద గాని కనబడిననే మందు సంగతి ఆలోచింపవలెననియు చెప్పిరి.

మేము వెంటనే సర్పంచిగారికి ఫోను చేసితిమి. మూడు దినములకు మరల పోవునప్పటికి నారుమడులలో కొనలు త్రుంచుచున్నారు. ఆ వృద్ధ రైతు గట్టున కూర్చుండి త్రుంచిన కట్టలను విప్పి గ్రుడ్ల ముద్దలను వెదకుచుండిరి. మమ్ము చూచి ఒక ఆకు చేతికిచ్చి, "ఇదేనాండీ?" అని అడిగిరి. అదియే. తరువాత జేబునుండి అగ్గిపెట్టె తీసిరి. అందు తెల్లని రెక్కల పురుగు ఒకటి, దూదిలో పొదిగి, క్రింద కాగితపు ముక్కమీద ఊరి పేరు, తేదీ వ్రాసియున్నది. "మరి దీని పేరేమిటండీ?" అనిరి. మాకు తెలియదు. అగ్గిపెట్టెను తీసికొని వచ్చి శాస్త్రజ్ఞులకు పంపియున్నాము.